సవరణ: రాజీ కుదిరినంత మాత్రాన ప్రతి క్రిమినల్ కేసూ ముగియదు
నల్గొండ లోక్ అదాలత్‌లో ఇరుపక్షాలు రాజీపడితే ఎలాంటి క్రిమినల్ కేసునైనా కొట్టివేస్తారన్న గత వివరణను ఇలా సవరించి చదువుకోవాలి. సాధారణ గాయాలు, బెదిరింపు, చెక్ బౌన్స్ వంటి, చట్టం రాజీకి అనుమతించిన కేసులనే లోక్ అదాలత్ పరిష్కరించగలదు. రాజీకి వీలులేని నేరమైతే కేసు రద్దు కోసం భారతీయ నాగరిక సురక్షా సంహిత (క్రిమినల్ కేసుల విచారణ పద్ధతిని నిర్దేశించే చట్టం) 528వ సెక్షన్ కింద హైదరాబాద్‌లోని హైకోర్టును ఆశ్రయించాలి. అక్కడైనా, జ్ఞాన్ సింగ్ కేసులో 2012లో సుప్రీంకోర్టు స్పష్టం చేసినట్లు, హత్య, అత్యాచారం, బందిపోటు దోపిడీ వంటివి సమాజం మొత్తాన్ని గాయపరిచే నేరాలు కనుక, బాధిత కుటుంబం క్షమించినా ఆ కేసులు రద్దు కావు. ముఖ్యంగా, ఊరి పెద్దల సమక్షంలో రాసుకున్న రాజీపత్రాన్ని నమ్ముకుని దేవరకొండలోనో మిర్యాలగూడలోనో కోర్టు వాయిదాలకు వెళ్లడం మానేసే నిందితులపై వారెంటు జారీ కావచ్చు. న్యాయమూర్తి ఆ రాజీని నమోదు చేసి ఉత్తర్వు ఇచ్చేవరకు కేసు నడుస్తూనే ఉంటుంది.