“నోటీసులెందుకు, జేసీబీ పంపండి” అనే ఫార్వర్డ్‌కి నా జవాబు

మా అపార్ట్‌మెంట్ తెలుగు గ్రూపులో ఈ వారం నాలుగుసార్లు తిరిగిన మెసేజ్ సారాంశం ఇది: హైదరాబాద్‌కి చెరువు కబ్జాలు కూల్చే హైడ్రా సంస్థ ఉన్నట్టు బెంగళూరుకీ ఒకటి కావాలి. చెరువు పక్కన భూమి ఉన్నవాడల్లా కబ్జాదారుడే. నోటీసు, హియరింగ్ అంటే వాడికి స్టే తెచ్చుకునే టైమివ్వడమే. చెరువులకైతే నోటీసే అక్కర్లేదని సుప్రీంకోర్టు చెప్పింది.

వాన పడితే మారతహళ్లిలో మోకాలి లోతు నీళ్లలో బండి తోసుకెళ్లేవాణ్ణి నేనూ. చెరువులు బతకాల్సిందే. కానీ మెసేజ్ నిండా సగం నిజాలే.

ముందు సుప్రీంకోర్టు మాట. 2024 నవంబర్ 13 తీర్పు ప్రకారం కూల్చే ముందు 15 రోజుల నోటీసు ఇవ్వాలి, ఎదురుగా కూర్చోబెట్టి వినాలి. రోడ్డు, ఫుట్‌పాత్, నది, చెరువు లాంటి చోట్ల ఉన్న అక్రమ కట్టడాలకు ఇది వర్తించదనీ అందులోనే ఉంది. అంతవరకు మెసేజ్ కరెక్టే. కాకపోతే మినహాయింపు చెరువులో ఉన్నదానికి. అసలు చెరువులో ఉందా, గట్టుకి అవతల ఉందా అన్నదే గొడవైతే? అది తేలాలంటే ఎవరో ఒకరు కాగితాలు ముందేసుకుని వినాలి కదా.

మా మామయ్యకు బెంగళూరు పక్కన హొసకోటె దగ్గర ఎకరం పది గుంటల రాగి చేను. పహణీలో నాలుగు గుంటలు ఖరాబు అని ఉంటుంది. ‘ఎ’ ఖరాబైతే సాగుకు పనికిరాకపోయినా రైతుదే. ‘బి’ ఖరాబైతే దారికో, కాలువకో, చెరువుకో వదిలిన సర్కారు నేల. తేడా ఒక్క అక్షరం. ఆయనకొచ్చిన నోటీసులో ‘బి’ అని ఉంది, పాత సర్వే కాగితంలో ఆ అక్షరమే లేదు. పైగా నోటీసు ఇంటికి చేరేసరికి హియరింగ్ తేదీ దాటి రెండు రోజులు. కవరు మీద పోస్టు ముద్ర చూపిస్తే గుమాస్తా తలెత్తకుండానే “ఇంకో అర్జీ పెట్టుకోండి” అన్నాడు. పెట్టాం. సర్వేయర్ వచ్చి, కంపచెట్ల మధ్య హద్దు రాయి వెతికి కొలిస్తే, నాలుగింటిలో ఒకటిన్నర గుంట కాలువదేనని తేలింది. మామయ్య సణుక్కుంటూనే వదిలేశాడు. కాలువకి దాని నేల, ఆయనకి ఆయన నేల. జేసీబీ వచ్చుంటే చేనంతా పోయేది.

“హరిత ట్రిబ్యునల్ 75 మీటర్లంటే సుప్రీంకోర్టు బిల్డర్ల కోసం కొట్టేసింది” అన్న ముక్క కూడా ఉంది మెసేజ్‌లో. హరిత ట్రిబ్యునల్ అంటే పర్యావరణ కేసులు వినే ఎన్జీటీ. బెళ్లందూరు దగ్గరి ప్రాజెక్టుల కేసులో ట్రిబ్యునల్ 2016 మేలో ఊరంతటికీ కలిపి చెరువుల చుట్టూ 75 మీటర్ల బఫర్, అంటే ఏమీ కట్టకుండా వదలాల్సిన జాగా, పెట్టింది. 2019 మార్చిలో సుప్రీంకోర్టులో అది పోయింది, మాస్టర్ ప్లాన్‌లోని 30 మీటర్లే నిలిచాయి. కారణం, చట్టం కింద చేసిన ప్లాన్‌ని మార్చే అధికారం ట్రిబ్యునల్‌కి లేకపోవడం. ఆ ప్లాన్ ఖరారయ్యే ముందు జనం అభ్యంతరాలు తీసుకోవాలని చట్టంలోనే ఉంది. 30 మీటర్లు చాలవనే నేనూ అంటాను. పెంచాలంటే ఆ దారిలోనే పెంచాలి.

మెసేజ్ ప్రకారం చెరువు కింది వరి మళ్లు కూడా వెట్‌లాండేనట, అంటే కాపాడాల్సిన చిత్తడి నేల! కేంద్రం తెచ్చిన 2017 వెట్‌లాండ్ రూల్స్ వరి పొలాలనీ, సాగుకోసం తవ్విన చెరువులనీ పేరు పెట్టి మరీ పక్కనపెట్టాయి. మన చెరువులకు అండ 2014 నాటి కర్ణాటక చెరువుల సంరక్షణ చట్టం.

ఇక “రైతుల అభ్యంతరాలన్నీ రేటు పెంచుకోవడానికే” అన్నది. దేవనహళ్లి అంత దూరమేమీ కాదు, వెళ్లి అడగొచ్చు. అక్కడ పరిశ్రమలకని 1,777 ఎకరాలు తీసుకోవడానికి ప్రభుత్వం ఇచ్చిన నోటిఫికేషన్ మీద 13 ఊళ్ల రైతులు మూడేళ్లకు పైగా ధర్నాలో కూర్చున్నారు. రేటు కాదు, అసలు భూమి ఇచ్చేదే లేదన్నారు. 2025 జూలై 15న ప్రభుత్వం ఆ సేకరణ వదిలేసింది. రైతుకి నోటీసిచ్చి, 30 రోజుల గడువిచ్చి, విని, ఆ తర్వాతే తేల్చాలని కర్ణాటక పారిశ్రామిక ప్రాంతాల చట్టం 28వ సెక్షన్‌లోనే ఉంది. ఆ వినడమేదో మొదట్లోనే మనసుపెట్టి చేసుంటే మూడేళ్ల టెంట్ అక్కర్లేకపోయేది.

స్టేల సంగతి మాత్రం నిజం, ఏళ్ల తరబడి సాగుతాయి. కానీ స్టే సులువుగా దొరికేది ఎక్కడ? సర్వే స్కెచ్ జతచేయని నోటీసుకీ, కారణం రాయని ఆర్డర్‌కీ. సహజ న్యాయ సూత్రాలు, అంటే అవతలివాళ్లకి చెప్పి, వాళ్ల మాట విన్నాకే తేల్చడం లాంటివి, పాటించాలని హరిత ట్రిబ్యునల్ చట్టం 19వ సెక్షన్ చెబుతుంది. అవతలివాళ్ల మాట వినకుండా ట్రిబ్యునల్ ఇచ్చిన ఉత్తర్వుల్ని 2024 జనవరిలో సుప్రీంకోర్టు కొట్టేసింది. కేసు మళ్లీ ట్రిబ్యునల్‌కే వెళ్లింది, మొదటినుంచి వినడానికి.