పిల్లల చేత నవలలు చదివించే కుట్ర

ఇంజనీరింగ్ కౌన్సెలింగ్ మొదలైందంటే తల్లిదండ్రులకు సలహాలిచ్చేవాళ్ళు వీధికి నలుగురు తయారవుతారు. సీఎస్‌ఈ రాకపోతే ఈసీఈ తీసుకోమంటారు. అదీ రాకపోతే మేనేజ్‌మెంట్ కోటాలో మళ్ళీ సీఎస్‌ఈనే తీసుకోమంటారు. ఇంతమంది పెద్దమనుషులు ఉండి కూడా యూరప్ నడిబొడ్డున పెరుగుతున్న ఒక ప్రమాదం గురించి ఒక్కరూ నోరు విప్పలేదు. స్లొవేనియా అనే దేశంలో కొంతమంది టీనేజి పిల్లల కోసం నవలలు రాయడం, వీలు దొరికితే సినిమాలకూ టీవీకీ స్క్రిప్టులు రాయడం వృత్తిగా పెట్టుకుని, పట్టపగలు, పన్నులు కడుతూ మరీ బతుకుతున్నారు. ఈ సంగతి మన పిల్లల చెవిన పడకముందే పెద్దవాళ్ళు తెలుసుకుని జాగ్రత్తపడాలి.

ముందు లెక్కలు చూద్దాం, మనకు లెక్కలంటే గౌరవం కాబట్టి. స్లొవేనియా జనాభా సుమారు 21 లక్షలు. మన దగ్గర ఓ మోస్తరు జిల్లాలో అంతమంది ఉంటారు. సరిహద్దు దాటితే ఆ భాష చదివేవాళ్ళు కొద్దిమందే. ఉన్నవాళ్ళలో టీనేజి పిల్లలెంతమంది, వాళ్ళలో ఫోన్ పక్కన పెట్టేవాళ్ళెంతమంది, వాళ్ళలో జేబులోంచి యూరోలు తీసి నవల కొనేవాళ్ళెంతమంది అని వడపోసుకుంటూ పోతే చివరికి రచయిత మేనల్లుడొక్కడు మిగులుతాడు. వాడికీ ఫ్రీ కాపీ ఇవ్వక తప్పదు.

ఏ రకంగా చూసినా ఈ దుకాణం ఆర్నెల్లలో మూతపడాలి. పడలేదు. ఎందుకని ఆరా తీస్తే, బడీ గ్రంథాలయమూ ప్రభుత్వమూ కుమ్మక్కై నడిపిస్తున్న వ్యవహారం బయటపడింది.

దీనికి బీజం 1961లో ప్రేవాలె అనే చిన్న ఊళ్ళో పడింది. అక్కడి బడి హెడ్మాస్టరు లియోపోల్డ్ సుహోడోల్చన్, స్టాంకో కోట్నిక్ అనే మరో పంతులుగారు కలిసి చదువరి బ్యాడ్జి అని ఒక పథకం పెట్టారు. పిల్లవాడు బడి పాఠాలు కాకుండా వేరే పుస్తకాలు కొన్ని చదవాలి. చదివాక టీచరు దగ్గరికో లైబ్రేరియన్ దగ్గరికో వెళ్ళి ఆ కథ ఏమిటో, నచ్చిందో లేదో మాట్లాడాలి. అంతే. చొక్కాకు పెట్టుకునే చిన్న బ్యాడ్జి ఇస్తారు. మార్కులు లేవు. నెగటివ్ మార్కులు అసలే లేవు. స్టేట్ ఫస్ట్ ఎవరో తేల్చి, వాడి ఫొటో బస్సు వెనకాల వేయించే ఏర్పాటు లేదు. ఈ అరాచకం ఆరు దశాబ్దాలు దాటి నడుస్తోంది. ఏటా లక్షమందికి పైగా పిల్లలు ఇందులో ఇరుక్కుంటున్నారు. బడిలో చేరిన దగ్గర్నుంచి తొమ్మిదో తరగతి ముగిసేదాకా ఒక్క ఏడూ మానకుండా చదివినవాళ్ళను బంగారు పాఠకులంటారు. వాళ్ళకిచ్చే బహుమతి ఏమిటో ఊహించండి. సైకిల్ కాదు, ట్యాబ్ కాదు. ఇంకో పుస్తకం.

ఏడాది చివర జరిగే సభకు రచయితను పిలవడం ఆనవాయితీ. అసలు వృత్తి ఇక్కడుంది. రాయడమంటే ఇంట్లో ఒంటరిగా కూర్చుని చేసుకునే పని, ఎవడైనా చేస్తాడు. ఇది అలా కాదు. బడిలో ఆటలాడే హాల్లో కుర్చీలు వేస్తారు. ముందు వరసలో చిన్నవాళ్ళు కళ్ళింతలు చేసుకుని కూర్చుంటారు. వెనక గోడకు ఆనుకుని పదమూడేళ్ళ మగపిల్లలు, "నవ్వించు చూద్దాం" అన్నట్టు చేతులు కట్టుకుని నిలబడతారు. మైకు కుయ్యిమంటుంది. రచయిత గంటసేపు ఆ వెనక గోడను నవ్వించాలి. నవ్వితే ఆ కబురు పక్క బడికి వెళ్తుంది, అక్కణ్ణుంచి పిలుపొస్తుంది. నవ్వకపోతే ఎన్ని అవార్డులున్నా ఇంట్లో కూర్చోవాలి. తర్వాత ప్రశ్నలు. ఏ దేశపు పిల్లలైనా మొదట చెయ్యెత్తి అడిగేది ఒకటే, "మీకు నెలకెంతొస్తుంది?" మన పెళ్ళిచూపుల్లో పెద్దలు కూడా ఇంత సూటిగా అడగరు.

ఇది చాలదన్నట్టు, 2006 నుంచి ఇంకో పథకం కూడా నడుస్తోంది. ఏడో తరగతికి వచ్చిన ప్రతి పిల్లవాణ్ణీ ఊళ్ళోని గ్రంథాలయానికి తీసుకెళ్ళి, సొంత భాషలో రాసిన ఒక నవల చేతిలో పెట్టి పంపిస్తారు, ఉచితంగా. ఒక ఏడాదిలో ఏడో తరగతి పిల్లలు సుమారు 20 వేల మంది. వందల్లో అమ్ముడైతేనే సంతోషించాల్సిన చోట, ఎంపికైన నవల ఒక్కసారిగా 20 వేల ఇళ్ళలోకి దూరిపోతుంది. ఆ సరికి మన పిల్లవాడు ఫౌండేషన్ కోర్సులో మొదటి వీక్లీ టెస్టు రాసి ఉంటాడు. ఎవరు ముందున్నారో చెప్పక్కర్లేదు.

గ్రంథాలయాల సంగతి మరీ ఘోరం. అక్కడ ఎవరైనా పుస్తకం ఇంటికి తీసుకెళ్తే, దాన్ని రాసినవాళ్ళకు ప్రభుత్వం డబ్బిస్తుంది. కొనలేదు, అరువు తెచ్చుకున్నారు, అయినా ఇస్తుంది. మనమూ ఇంటిపన్నుతో కలిపి రూపాయికి 8 పైసల చొప్పున గ్రంథాలయ సెస్సు కడుతున్నాం. ఆ డబ్బు మున్సిపాలిటీ గడప దాటి గ్రంథాలయ సంస్థకు చేరడమే ఒక థ్రిల్లర్, ఇక రచయిత దాకా రావడమంటే సైన్స్ ఫిక్షన్. పైగా మన జిల్లా గ్రంథాలయంలో ఉదయం ఏడింటికల్లా కుర్చీల మీద కర్చీఫులు వేసి ఉంటాయి. గ్రూప్-2, కానిస్టేబుల్, డీఎస్సీ. ఆ కుర్రాళ్ళు పుస్తకాలు ఇంటినుంచే తెచ్చుకుంటారు. గ్రంథాలయం ఇచ్చేది ఫ్యానూ కుర్చీ. ఇందులో రచయితకు వాటా అడిగితే ఫ్యాన్ల కంపెనీకీ ఇవ్వాల్సి వస్తుంది.

స్లొవేనియాలో ఎక్కువగా అరువు తీసుకునే పుస్తకాల్లో దేసా ముత్స్క్ అనే ఆవిడవి తప్పకుండా ఉంటాయి. 1955లో పుట్టిన ఈవిడ నటి, టీవీ వ్యాఖ్యాత, స్క్రిప్టులు రాస్తారు, పత్రికలకు రాస్తారు, పిల్లలకూ టీనేజివాళ్ళకూ పెద్దలకూ రాస్తారు. చిన్న దేశంలో ఒక మనిషి అయిదుగురుగా మారితే తప్ప ఇంటి అద్దె వెళ్ళదు కాబోలు. 1993లో ఈవిడ టీనేజి పిల్లల కోసం ఒక పుస్తకం వేశారు. దాని పేరు తెలుగులో చెప్పాలంటే 'సెక్స్ గురించి మహా సీరియస్‌గా'. అవును, పిల్లల పుస్తకమే. నవ్వుతూ నవ్విస్తూ, పిల్లలు ఎవర్నీ అడగలేక లోపల్లోపల టెన్షన్ పడే విషయాలన్నీ చెప్పేశారు. పుస్తకం బాగా ఆడింది. ఇక ఆగుతారా, అదే వరసలో బడి గురించీ మత్తుమందుల గురించీ కూడా వదిలారు. ఇలాంటి విషయాల్లో మన సంప్రదాయం వేరు. జంతుశాస్త్రం మాస్టారు "ఈ పాఠం ఇంటి దగ్గర చదువుకోండి" అని పేజీలు తిప్పేస్తారు. ఇంటి దగ్గర "బళ్ళో చెప్తార్లే" అంటారు. పిల్లవాడు ఈ రెండింటి మధ్యా నెట్‌ప్యాక్ వేయించుకుని స్వయంకృషితో పైకొస్తాడు.

ఆవిడకు 1998లో వెచెర్నిత్సా అనే అవార్డు కూడా ఇచ్చారు, అబద్ధాలాడే సుజీ అనే అమ్మాయి కథకు. టీనేజి పుస్తకం బాగుందో లేదో పెద్దవాళ్ళు కమిటీ వేసి తేల్చడం ఒక్కటే ఈ మొత్తం వ్యవహారంలో నాకు సవ్యంగా తోచిన భాగం. ఆ మాత్రం పెద్దరికం అక్కడా మిగిలినందుకు సంతోషం.

ఇక సినిమా. బ్యాడ్జి పథకం పెట్టిన హెడ్మాస్టరుగారి కొడుకు ప్రిమోజ్ సుహోడోల్చన్ కూడా పిల్లల రచయితే అయ్యాడు. తండ్రి పిల్లల చేత చదివించే ఏర్పాటు చేశాడు, కొడుకు చదవడానికి సరుకు తయారుచేశాడు. వారసత్వం గురించి తెలుగువాళ్ళకు ఒకరు పాఠాలు చెప్పక్కర్లేదు గానీ, ఈ వారసుడికి పుట్టుకతో అభిమాన సంఘాలు రాలేదు. బడి బడికీ తిరిగి అభిమానుల్ని ఒక్కొక్కర్నీ తనే పట్టుకోవాల్సి వచ్చింది. 1994లో 'బాస్కెట్‌బాల్ ఆటగాడే కావాలి' అనే అర్థం వచ్చే పేరుతో ఒక నవల రాశాడు. అందులో రాంటా అనే తాటిచెట్టంత కుర్రాడు. ఒళ్ళు సంబాళించుకోవడమే రాదు, పొడుగున్నాడన్న పాపానికి బాస్కెట్‌బాల్‌లోకి తోస్తారు. పొడుగుంటే బాస్కెట్‌బాల్, లెక్కలొస్తే ఐఐటీ. ఈ ఒక్క విషయంలో వాళ్ళూ మనమూ ఒకే జాతి.

పిల్లలు ఆ నవలను ఎగబడి చదివారు. సినిమాగా వచ్చింది 2017లో. ఇరవై మూడేళ్ళు! పన్నెండేళ్ళప్పుడు చదివినవాడు ముప్పై అయిదేళ్ళ వయసులో సొంత పిల్లల్ని వెంటేసుకుని టికెట్ కొన్నాడు. అదే ఏడాది స్లొవేనియా జట్టు బాస్కెట్‌బాల్‌లో యూరప్ చాంపియన్ కూడా అయింది. మన నిర్మాతలైతే ఆ కప్పును కూడా ప్రమోషన్ ఖర్చు కింద రాసుకునేవారు.

ఎందుకింత ఆలస్యమంటే, 21 లక్షల మందిలో ఎంత హిట్టయినా ఖర్చు రాదు. అందుకని అక్కడ సినిమా అంటే చాలావరకు ప్రభుత్వ నిధే. స్క్రీన్‌ప్లే రాసినవాడు దరఖాస్తు పెట్టి, కమిటీ కరుణ కోసం ఎదురుచూస్తూ ఈలోగా ఇంకో నవల రాసుకుంటాడు. మన దగ్గర కథకుడు హీరో డేట్ల కోసం ఎదురుచూస్తాడు. కమిటీకి కనీసం చిరునామా ఉంటుంది.

అంతకుముందు తరంలో విటాన్ మాల్ ఈ విషయంలో అదృష్టవంతుడు. ఆయన నవల 1977లోనే తెరకెక్కింది. దర్శకుడు యానె కావ్చిచ్. కథానాయకుడు మాతిత్స్ అనే కుర్రాడు, ఉండేది రాజధాని లుబ్లియానాలో కొత్తగా లేచిన అపార్ట్‌మెంట్లలో. రెండో కథానాయకుడు యాకోబ్, దూడంత న్యూఫౌండ్‌లాండ్ కుక్క. అపార్ట్‌మెంట్‌లో దూడంత కుక్క అంటేనే సంఘర్షణ సిద్ధం, విలన్ కోసం వెతుక్కునే పని లేదు. ఇంట్రడక్షన్ ఫైట్ లేకుండా, ఫ్లాష్‌బ్యాక్‌లో ఊరు తగలబడకుండా ఆ సినిమా జనంలో నిలిచిపోయింది. ఇప్పుడు తాతలైనవాళ్ళు కూడా దాని పాట కూనిరాగం తీస్తారు. ఎనభైల్లో ఆయన కథతోనే సముద్రం ఒడ్డున ఇంకో సినిమా వచ్చింది. అందులో కుర్రాడి స్నేహితుడు మాట్లాడే కంప్యూటరు. ఆ దేశానికున్న తీరమంతా కలిపి 47 కిలోమీటర్లు. అంత చిన్న తీరాన్ని రిసార్టులకు వదిలెయ్యకుండా పిల్లల కథకు వాడుకోవడం ఎంతవరకు సమంజసమో పర్యాటక శాఖలవాళ్ళు చెప్పాలి.

ఇంత జరిగాక కూడా రచయిత పూట గడవదేమోనని అక్కడి ప్రభుత్వానికి బెంగ. సొంతంగా కళమీద బతికేవాళ్ళు చేసిన పనికి రుజువులు చూపించి కమిటీని ఒప్పిస్తే, వాళ్ళ పింఛను, ఆరోగ్య బీమా వాటాలు ఖజానా నుంచి కడుతుంది. కొన్నేళ్ళకోసారి మళ్ళీ రుజువులు చూపించాలి. ఇంకా రాస్తూనే ఉన్నారని తేలాలన్నమాట. ఇదొక్కటి మన పింఛనుదారులకు వెంటనే అర్థమవుతుంది, ఏటా లైఫ్ సర్టిఫికెట్ ఇచ్చేవాళ్ళు కాబట్టి.

అసలు లోపం పునాదిలో ఉంది. ఆ దేశం ఫిబ్రవరి 8న సెలవిస్తుంది. ఏ యుద్ధమో గెలిచిన రోజు కాదు, ఫ్రాన్సె ప్రెషెరెన్ అనే కవి 1849లో పోయిన రోజు. రెండు యూరోల నాణెం మీద ఆయన బొమ్మే. ఒక యూరో నాణెం మీద ప్రిమోజ్ ట్రూబర్, 1550లో ఆ భాషలో మొదటి పుస్తకం అచ్చువేయించినాయన. చిల్లర లెక్కపెట్టుకునే ప్రతిసారీ పిల్లవాడి చేతిలో రచయితలే పడుతుంటే, వాడు పెద్దయ్యాక ఏమవుతానంటాడు?

కాబట్టి స్లొవేనియా ప్రభుత్వానికి బాధ్యత గల తండ్రిగా నాదొక విన్నపం. ఏడో తరగతి నవలను వెంటనే ఆపి, దాని స్థానంలో ఫౌండేషన్ మెటీరియల్ పంచండి. పేజీలు కాస్త ఎక్కువవుతాయి గానీ బొమ్మల ఖర్చు మిగులుతుంది. బ్యాడ్జి ఉంచండి, దాని మీద ర్యాంకు వెయ్యండి. రెండు యూరోల నాణెం మీద కవిగారిని తీసేసి ఆ ఏడాది టాపర్ ఫొటో ముద్రించండి. టాపర్ ఏటా మారతాడు కనుక టంకశాలకు కూడా చేతినిండా పని దొరుకుతుంది.