దరఖాస్తు పెట్టిన తేదీకి విలువ ఉండాలి

కదిరి నుంచి వచ్చి ఇరవై ఏళ్లుగా బెంగళూరులో తాపీ పని చేస్తున్న మేస్త్రీ ఒకాయన ఉన్నాడనుకుందాం. వయసు 56 ఏళ్ల 10 నెలలు. ఇవాళ భవన నిర్మాణ కార్మికుల సంక్షేమ బోర్డు ఇచ్చే లేబర్ కార్డుకు దరఖాస్తు పెట్టాడు. రెండు నెలల్లో కార్డు వస్తే పింఛను అడిగే హక్కు నిలుస్తుంది. నాలుగో నెలలో వస్తే పోతుంది. ఎందుకంటే, 60 ఏళ్లు నిండేనాటికి వరుసగా కనీసం మూడేళ్లు బోర్డులో నమోదైన లబ్ధిదారుగా ఉంటేనే ఆ తర్వాతి ప్రయోజనాలకు అర్హత. 1996 నాటి భవన నిర్మాణ కార్మికుల చట్టం అలా చెప్పింది. 2025 నవంబర్‌లో దాని స్థానంలో అమల్లోకి వచ్చిన సామాజిక భద్రత కోడ్‌లోనూ ఈ లెక్క మారలేదు.

ఫైలు ఎవరి బల్ల మీద ఆగినా నష్టం మాత్రం మేస్త్రీదే.

1996 చట్టంలో ఒక వింత ఉండేది. 18 నుంచి 60 ఏళ్ల మధ్య వయసు, గడిచిన ఏడాదిలో 90 రోజుల పని ఉంటే అధికారి పేరు నమోదు చేయాలంది. కార్మికుడి మాట వినకుండా తిరస్కరించకూడదనీ, తిరస్కరిస్తే 30 రోజుల్లో అప్పీలు చేసుకోవచ్చనీ చెప్పింది. కానీ ఎన్ని రోజుల్లో తేల్చాలో మాత్రం ఆ నమోదు సెక్షన్‌లో రాయలేదు. కాదంటే అప్పీలుండేది. అవుననీ కాదనీ చెప్పకుండా కూర్చుంటే అప్పీలు చేయడానికి ఉత్తర్వే ఉండేది కాదు. ఆఫీసుకు తిరిగిన ప్రతిసారీ ఒక రోజు కూలీ గోవిందా.

కర్ణాటకలో ప్రభుత్వ సేవలకు గడువు పెట్టే 2011 నాటి సకాల చట్టం ఉంది కదా అనొచ్చు. దాని పరిధిలోని సేవ ఆలస్యమైతే రోజుకు 20 రూపాయలు, మొత్తం 500కు మించకుండా పరిహారం. మేస్త్రీ ఒక్క రోజు కూలీ కూడా రాదు.

కాబట్టి మిగిలింది హైకోర్టు. రాజ్యాంగం 226వ అధికరణ కింద రిట్ వేస్తే, ‘నాలుగు వారాల్లో చట్టప్రకారం పరిశీలించండి’ అన్న తరహా ఉత్తర్వు వస్తుంది. నా అభ్యంతరం ఇక్కడే. అది ఫైలును కదిలిస్తుందే గానీ పోయిన నెలలను తిరిగి ఇవ్వదు. మన మేస్త్రీకి ఈలోగా 57 నిండితే, గెలిచిన కేసు చేతిలో పెట్టుకుని పింఛను లేకుండా ఊరెళ్లాలి. అర్హత ఉన్నట్టు తేలితే దరఖాస్తు తేదీ నుంచే నమోదైనట్టు లెక్కించాలని కోర్టు చెప్పాలి. తన ఆలస్యాన్నే సాకుగా చూపి ప్రయోజనం ఎగ్గొట్టే వీలు బోర్డుకు ఉండకూడదు.

బోగస్ కార్డుల బెడద నిజమే, తనిఖీ చేయొద్దని ఎవరూ అనరు. తనిఖీకి పట్టే కాలం ఎవరి ఖాతాలో పడాలన్నదే ప్రశ్న. డబ్బు లేదనే మాట అసలే చెల్లదు. కార్మికుల సంక్షేమానికి నిర్మాణాలపై వేసే సెస్సు కింద వసూలైంది 37,400 కోట్లకు పైగా ఉంటే, ఖర్చు పెట్టింది దాదాపు 9,500 కోట్లేనని 2018 మార్చిలో సుప్రీంకోర్టే ఎత్తిచూపింది.

లక్నో డెవలప్‌మెంట్ అథారిటీ కేసులో సుప్రీంకోర్టు 1993లోనే, జనాన్ని వేధించినందుకు కట్టాల్సిన పరిహారాన్ని బాధ్యులైన అధికారుల నుంచి రాబట్టాలంది. అది వినియోగదారుల చట్టం కింద వచ్చిన తీర్పు, నిజమే. లేబర్ కార్డు కేసులో ఆ తర్కం ఎందుకు పనికిరాదో నాకైతే అర్థం కాదు.

లాయరు ఫీజు భయంతో ఆగిపోయేవాళ్లే ఎక్కువ. ఆడవాళ్లు, ఎస్సీ, ఎస్టీల వంటి కొన్ని వర్గాలకు ఆదాయంతో పనిలేకుండా, మిగతావాళ్లకు ఆదాయ పరిమితిని బట్టి 1987 నాటి న్యాయ సేవల చట్టం కింద ఉచిత న్యాయ సహాయం దొరుకుతుంది. న్యాయ సహాయ హెల్ప్‌లైన్ 15100కు ఫోన్ చేసి అడగొచ్చు. దరఖాస్తు రశీదు మాత్రం పారేయకండి, కేసంతా ఆ తేదీ మీదే నడుస్తుంది. కోర్టు పెట్టిన గడువు దాటినా కార్డు రాకపోతే ధిక్కార పిటిషన్‌కు ఏడాదే సమయం.