సుల్తాను రుమాలు విసరలేదు: హరెం పోస్టుకు జవాబు

టర్కీ సుల్తాను హరెం, అంటే ఆడవాళ్ళుండే అంతఃపురం గురించి ఒక పోస్టు చాలాకాలంగా చేతులు మారుతోంది. పైన ఒక గుండ్రటి బొమ్మ, అందులో ఒంటిమీద నూలుపోగు లేని పాతిక మంది ఆడవాళ్ళు. కింద రాసినదాని సారాంశం ఇది: ఇది కళ్ళారా చూసి వేసిన బొమ్మ. లోపలున్న వందల మందీ సుల్తాను పడకకోసమే. రోజూ వరసలో నిలబెట్టి నచ్చినామె మీదికి రుమాలు విసిరేవాడు. లోపలికెళ్ళిన ఆడది శవంగానే బయటికొచ్చేది. చేతిలో చిల్లిగవ్వ ఉండేది కాదు, లోకజ్ఞానం సున్నా. టర్కీలో ప్రతి మగాడి ఇంట్లోనూ ఇదే తంతు. నిజాం కోడళ్ళుగా హైదరాబాదు వచ్చిన రాకుమార్తెలిద్దరూ అక్కణ్ణించి తెచ్చినవాళ్ళే.

ఒక్కొక్కటే చూద్దాం.

“కళ్ళారా చూసి వేసిన బొమ్మ.”

వేసింది ఆంగ్ర్ అనే ఫ్రెంచి చిత్రకారుడు. బొమ్మ మీద ఉన్న సంవత్సరం 1862, అప్పటికి ఆయనకు 82 ఏళ్ళు. టర్కీలో ఏనాడూ అడుగుపెట్టలేదు. ముందువరసలో వీపు ఇటు తిప్పి తీగవాద్యం మీటుతున్న మనిషిని చూడండి. 1808లో రోములో ఉన్నప్పుడు తనే వేసిన మరో బొమ్మలోని స్త్రీ ఆమె. తలగుడ్డతో సహా దించేశాడు.

సన్నివేశం కూడా అరువే. బ్రిటిష్ రాయబారి భార్య లేడీ మేరీ మాంటగ్యూ 1717లో, అప్పట్లో టర్కీ ఏలుబడిలో ఉన్న సోఫియా నగరంలోని ఆడవాళ్ళ స్నానశాలకు వెళ్ళి, అక్కడ చూసింది ఉత్తరంలో రాసింది. సుమారు 200 మంది ఆడవాళ్ళు, బట్టల్లేకుండా, కాఫీ తాగుతూ, జడలు అల్లించుకుంటూ. ఒక్క వెకిలి నవ్వు గాని, అసభ్యమైన చేష్ట గాని లేదని కూడా రాసింది. ఆంగ్ర్ ఆ భాగాన్ని తన నోటుపుస్తకంలో ఎక్కించుకున్నాడు. నగ్నత్వం బొమ్మలోకి వచ్చింది, మర్యాద రాలేదు. పైగా అది ఊళ్ళో ఆడవాళ్ళు వచ్చిపోయే స్నానశాల. సుల్తాను హరెం కాదు, ఏ హరెమూ కాదు.

పరాయి మగవాణ్ణి హరెంలోకి రానిచ్చేవారు కాదు. కాబట్టి యూరప్ మగవాళ్ళు వేసిన హరెం బొమ్మలు దాదాపు అన్నీ కూలికి కూర్చున్న మోడళ్ళవే. నిజంగా తొంగిచూసినవాడు ఒకడున్నాడు. ఇంగ్లండు రాణి ఎలిజబెత్ సుల్తాను మూడో మెహ్మద్‌కు పంపిన ఆర్గన్ వాద్యాన్ని బిగించడానికి 1599లో వచ్చిన థామస్ డాలమ్. ఇనుపజాలీలోంచి అతనికి కనిపించింది పంట్లాములు, టోపీలు పెట్టుకుని బంతాడుకుంటున్న అమ్మాయిలు. మొదట మగపిల్లలనుకున్నాడు!

లోపలివాళ్ళు వేసిన బొమ్మ కావాలంటే అదీ ఉంది. ఓట్టొమన్ (టర్కీ సుల్తానుల వంశం) రాకుమారుడు అబ్దుల్ మెజీద్ 1915లో తన ఇంటి హరెంనే గీశాడు. బీథోవెన్ సంగీతం నడుస్తుంటుంది. భార్య షెహ్‌సువార్ వయోలిన్ వాయిస్తుంటే ఆయన కూర్చుని వింటుంటాడు. ఈ బొమ్మను ఎవరూ ఫార్వర్డ్ చెయ్యరు.

“వందల మందీ పడకకోసమే. రుమాలు విసిరేవాడు.”

సంఖ్య మరీ గాలి కబురేం కాదు. 17వ శతాబ్దం మధ్యలో ఇస్తాంబుల్‌లోని సుల్తాను రాజభవనం తోప్‌కాపి హరెంలో 400 మందికి పైగా ఆడవాళ్ళుండేవారు. అయితే అందులో ఎక్కువమంది పనివాళ్ళే. బట్టలుతికే విభాగం, కాఫీ విభాగం, సరుకుల కొట్టు, రుచి చూసేవాళ్ళు, జబ్బుపడ్డవాళ్ళను చూసుకునేవాళ్ళు, ఖజానా. ఒక్కోదానికి “ఉస్తా” అనే పెద్ద, ఆమె కింద “కల్ఫా”లు, వాళ్ళ కింద కొత్తగా వచ్చిన పిల్లలు. ఎవరి మెట్టునుబట్టి వాళ్ళకు రోజు జీతం. అందరి పైనా సుల్తాను తల్లి, వాలిదె సుల్తాన్. కొడుకు మంచం దాకా ఎవరు వెళ్ళాలన్నదాంట్లో ఆమె మాట గట్టిగా చెల్లేది. చాలామంది సుల్తాను కంటపడకుండానే ఏళ్ళు గడిపేవారు.

రుమాలు సంగతి లేడీ మేరీ 1718లో నేరుగా అడిగింది. ఎవర్ని? చనిపోయిన సుల్తాను రెండో ముస్తఫా భార్య హఫీసెను. అదంతా కట్టుకథ అంది హఫీసె. సుల్తాను నపుంసక కావలివాళ్ళ పెద్దను ఆ స్త్రీ దగ్గరికి పంపి కబురు చెప్పిస్తాడు, అంతే.

“శవంగానే బయటికొచ్చేది.”

మళ్ళీ హఫీసెనే చూడండి. 1703లో సుల్తాను పోగానే, రాజభవనం విడిచి దర్బారు పెద్దల్లో ఒకణ్ణి పెళ్ళాడమని ఆజ్ఞ వచ్చింది. బయటికి పంపొద్దని ఆమె ఏడ్చింది, బతిమాలింది. కుదరలేదు. చివరికి 80 దాటిన అబూబకర్ ఎఫెందీని ఎంచుకుంది, రెండో మగవాడు తన మంచం దగ్గరికి రాకూడదన్న పట్టుదలతో. శవంగా బయటికి రాలేదు. అలాగని ఇష్టపడీ రాలేదు.

మామూలు పనిగత్తెలకు సుమారు 9 ఏళ్ళ సేవ తర్వాత విడుదల అడిగే వీలుండేది. విడుదల పత్రం, కట్నకానుకలు ఇచ్చి, తరచుగా రాజభవనంలోనే పెరిగిన ఉద్యోగికిచ్చి పెళ్ళిచేసేవారు. సుల్తానుకు బిడ్డను కన్న బానిసను అమ్మడానికి చట్టం ఒప్పుకునేది కాదు. ఆయన చనిపోగానే ఆమెకు స్వేచ్ఛ, బిడ్డకైతే పుట్టుకతోనే.

ఇవన్నీ చదివి, హరెం అంటే ఏదో మహిళా కళాశాల అని రాసేవాళ్ళూ బయల్దేరారు. అదీ అబద్ధమే. అక్కడికొచ్చిన పిల్లలు యుద్ధంలో పట్టుబడ్డవాళ్ళు, లేదా ముఖ్యంగా కాకసస్ వైపు నుంచి కొనితెచ్చినవాళ్ళు. పాత పేరు తీసేసి కొత్త పేరు పెట్టేవారు. కావలి కాసే నల్లవాళ్ళు చిన్నప్పుడే వృషణాలు కోయించుకున్న ఆఫ్రికా పిల్లలు. ఆ కోతలో ఎందరో చచ్చిపోయేవారు. హరెంలో జరిగిన అసలు నేరం ఇది. నగ్నచిత్రం పెట్టి లొట్టలేసే పోస్టులో దీని గురించి ఒక్క వాక్యం లేదు.

1909లో సుల్తాను అబ్దుల్ హమీద్‌ను గద్దె దించాక ఆయన హరెంను విడగొట్టారు. కాకసస్ జాతివాళ్ళయిన సిర్కాసియన్ల ఊళ్ళకు కబురు పంపి, మీ ఆడపిల్లలను గుర్తుపట్టి తీసుకుపొమ్మన్నారు.

“చిల్లిగవ్వ లేదు, లోకజ్ఞానం లేదు.”

16వ శతాబ్దపు సుల్తాను సులేమాన్ భార్య హుర్రెమ్‌కు రోజుకు 2000 అక్చేల (వెండి నాణేలు) భత్యం. ఆ డబ్బుతో ఇస్తాంబుల్‌లో మసీదు, బడి, అన్నసత్రం, ఆసుపత్రి కట్టించింది. సుల్తాను తల్లి తుర్హాన్ సుల్తాన్ 17వ శతాబ్దంలో దార్దనెల్స్ జలసంధి మొగలో రెండు కోటలు కట్టించింది. సరే, వీళ్ళు రాజకుటుంబం. ఊళ్ళోవాళ్ళ సంగతి? 1546లో ఇస్తాంబుల్ వక్ఫుల (ధర్మకార్యాలకు శాశ్వతంగా రాసిచ్చిన ఆస్తులు) లెక్క తీస్తే మొత్తం 2517, అందులో 913 ఆడవాళ్ళు పెట్టినవి. తనది కాని ఆస్తిని ఎవరూ వక్ఫు చెయ్యలేరు.

ఇక లోకజ్ఞానం. మశూచితో యూరప్ అల్లాడుతున్న రోజుల్లో టర్కీ ముసలమ్మలు ఇళ్ళకు వచ్చి టీకా వేసేవారు. లేడీ మేరీ ఆ పద్ధతంతా రాసిపెట్టింది. ఎండలు తగ్గాక సెప్టెంబరులో పదిహేను పదహారు మంది ఒకచోట చేరతారు. ముసలమ్మ కాయచిప్పలో మంచి రకం మశూచి రసి తెస్తుంది. పెద్ద సూదితో నరం మీద గీరి, సూదిమొన మీద పట్టినంత రసి లోపలికి పెట్టి, పైన చిన్న చిప్పముక్క బోర్లించి కడుతుంది. అలా నాలుగైదు చోట్ల. ఎనిమిదో రోజుదాకా పిల్లలు మామూలుగా ఆడుకుంటారు. తర్వాత జ్వరం, రెండ్రోజులు మంచం, అరుదుగా మూడు. ముఖం మీద ఇరవై ముప్ఫై పొక్కులకు మించవు, మచ్చలు మిగలవు.

ఇందులో ప్రమాదమూ ఉంది. టీకా వేయించుకున్నవాళ్ళ నుంచి పక్కవాళ్ళకు అసలు మశూచే అంటుకోవచ్చు. అందుకే లేడీ మేరీ 1718లో కొడుక్కి వేయించింది గాని చంటికూతురికి వేయించలేదు. ఆ పిల్ల దాదికి అప్పటిదాకా మశూచి రాలేదు మరి. కూతురికి 1721లో లండన్‌లో వేయించింది. ఇంగ్లండు డాక్టరు జెన్నర్ ఆవు మశూచి టీకా వేసింది ఆ తర్వాతెప్పుడో, 1796లో.

“ప్రతి ఇంట్లోనూ ఇదే తంతు.”

టర్కీలోని ఎదిర్నె నగరంలో 1545 నుంచి 1659 దాకా చనిపోయిన అధికారవర్గం మగవాళ్ళ ఆస్తిపత్రాలు చూస్తే, 1516 మందిలో ఒకరికంటే ఎక్కువ భార్యలున్నది 103 మందికే. పోషించే స్తోమత ఉన్నవాళ్ళ లెక్క ఇది. 1907లో ఇస్తాంబుల్‌లో పెళ్ళయిన ముస్లిం మగవాళ్ళలో అలాంటివాళ్ళు రెండు శాతం పైచిలుకు. మామూలు ఇంట్లో హరెం అంటే తల్లి, భార్య, పిల్లలు ఉండే లోపలి గదులు. గడప దగ్గర పరాయి ఆడవాళ్ళ చెప్పులు కనిపిస్తే ఇంటాయన లోపలికి వెళ్ళేవాడు కాదు, బయటే కూర్చునేవాడు.

“నిజాం కోడళ్ళు అక్కడినుంచి తెచ్చినవాళ్ళే.”

పైన చెప్పిన వయోలిన్ బొమ్మ వేసిన అబ్దుల్ మెజీదే ఆ కోడళ్ళలో ఒకరైన దుర్రె షెహ్వార్ తండ్రి, చివరి ఖలీఫా (ముస్లిం లోకానికి మతపెద్ద). ఆమె 1914లో, రెండో కోడలు నీలోఫర్ 1916లో పుట్టారు. సుల్తానులు తోప్‌కాపి విడిచి ఇస్తాంబుల్‌లోనే బాస్ఫరస్ జలసంధి ఒడ్డు భవనాలకు మారి అప్పటికే అరవై ఏళ్ళు కావస్తోంది. 1924లో రాజకుటుంబం మొత్తాన్ని దేశం దాటించారు. పిల్లలిద్దరూ ఫ్రాన్స్‌లో పెరిగారు. పెళ్ళిళ్ళు 1931 నవంబరులో నీస్‌లో జరిగాయి, నిజాం కొడుకులు ఆజం జా, మొజ్జం జాలతో. ఇంట్లో పనిచేసే మనిషి పురిట్లో చనిపోతే నీలోఫర్ పట్టుబట్టడంతో వచ్చిందే హైదరాబాదు రెడ్‌హిల్స్‌లోని నీలోఫర్ ఆసుపత్రి.

పెళ్ళినాటికి ఒకరికి 17, ఇంకొకరికి 15. ప్రవాసంలో ఉన్న ఖలీఫాకు నిజాం అప్పటికే నెలకు 300 పౌండ్లు పంపుతున్నాడు. ఈ సంబంధాల్లో ఆడపిల్లల ఇష్టం ఎంత అని అడగదల్చుకున్నవాళ్ళు అడగొచ్చు. అడగాల్సింది మాత్రం నీస్‌లో కుదిరిన ఒప్పందం గురించి, తోప్‌కాపి గురించి కాదు.