పక్క శతాబ్దంలో నిద్రలేచిన పిల్లలు

టైమ్ మెషీన్ కథల్లో హీరో చేతిలో ఒక మీట ఉంటుంది. ఏ కాలానికి వెళ్లాలో అతనే తేల్చుకుంటాడు, పని కాగానే వెనక్కి వస్తాడు. టైమ్ స్లిప్ కథల్లో ఆ సదుపాయం లేదు. ఒక అమ్మాయి రాత్రి మంచమెక్కి పడుకుంటుంది, తెల్లారేసరికి ఇంకో శతాబ్దంలో ఉంటుంది. ఎందుకలా జరిగిందో ఎవరూ చెప్పరు. ఇంగ్లిష్ బాలసాహిత్యంలో, ముఖ్యంగా రెండో ప్రపంచ యుద్ధం తర్వాత, ఇలాంటి నవలలు చాలానే వచ్చాయి. వీటి గురించి ఎవరు రాసినా ఒక మాట తప్పకుండా అంటారు: పిల్లలు గతంలోకి వెళ్లి తామెవరో తెలుసుకుని తిరిగొస్తారని. నాకు ఆ మాట మీదే పేచీ. ఈ కోవలో గట్టిగా నిలబడ్డ నవలల్లో జరిగేది దాదాపు దీనికి ఉల్టా. ఉన్న కాస్త గుర్తింపునూ గతం పిల్లల దగ్గర్నుంచి లాగేసుకుంటుంది.

ముందు ఒక సంగతి గమనించాలి. కాలం జారడానికి ముందే ఈ పిల్లల్ని పెద్దలు ఒకసారి కదిలించి ఉంటారు. ఫిలిప్పా పియర్స్ 1958లో రాసిన 'టామ్స్ మిడ్‌నైట్ గార్డెన్'లో తమ్ముడికి తట్టు పోసిందని టామ్‌ని పిన్ని వాళ్ల ఫ్లాట్‌కి పంపేస్తారు. ఆడుకోవడానికి తోట లేదు, తట్టు భయంతో బయటికి వెళ్లనివ్వరు. పెనెలోపీ ఫార్మర్ 'షార్లెట్ సమ్‌టైమ్స్' (1969)లో షార్లెట్‌కి అది బోర్డింగ్ స్కూల్లో మొదటి రాత్రి. రూత్ పార్క్ 'ప్లేయింగ్ బీటీ బో' (1980)లో, ఇల్లు వదిలి వెళ్లిపోయిన నాన్నతో మళ్లీ కలిసి నార్వేలో ఉందామని అమ్మ నిర్ణయించేస్తుంది. కూతురు అబిగైల్ మండిపడుతుంది. ఈ ముగ్గురిలో ఎవరినీ ముందుగా ఒక మాట అడిగినవాళ్లు లేరు. ఆ తర్వాత కాలం కూడా అడగకుండానే ఎత్తుకుపోతుంది. పిల్లలకు ఈ కథలు అంత సులువుగా ఎక్కడానికి మాయ కంటే ఇదే పెద్ద కారణమని నా అనుమానం. అడగకుండా తీసుకెళ్లి ఎక్కడో దింపడం వాళ్లకు కొత్త కాదు.

టామ్ కథనే తీసుకుందాం. హాల్లోని పాత గడియారం అర్ధరాత్రి పదమూడు కొడుతుంది. వెనక తలుపు తీస్తే, పగలు చెత్తడబ్బాలు తప్ప ఏమీ లేని చోట పెద్ద తోట. అక్కడ హ్యాటీ అనే అనాథ పిల్ల పరిచయమవుతుంది. విక్టోరియా రాణి కాలం నాటి పిల్ల. ఆ ఇంట్లో మిగతావాళ్లు చాలావరకు టామ్‌ని చూడలేరు. ఒకరోజు ఇద్దరికీ గొడవ. నువ్వు దెయ్యానివి అంటుంది హ్యాటీ. వింత బట్టలు వేసుకుంటావు, మూసిన తలుపులోంచి దూరి వస్తావు, ఇంకేమంటారు మరి? కాదు, నువ్వే ఎప్పుడో చచ్చిపోయావంటాడు టామ్. హ్యాటీ ఏడుపందుకుంటుంది. ఇద్దరూ బతికే ఉన్నారు, కానీ ఆ సంగతి ఎదుటివాళ్లకు రుజువు చేసే దారి ఇద్దరికీ దొరకదు. పిల్లల పుస్తకంలో అస్తిత్వం గురించి ఇంత సూటిగా ఉన్న సన్నివేశం నేను చదవలేదు. ఇందులో తత్వశాస్త్రం ఒక్క ముక్క లేదు, ఉన్నదల్లా పిల్లల తగాదా.

ఆ తర్వాత పియర్స్ ఇంకా కఠినమైన పని చేస్తుంది. హ్యాటీ పెద్దదవుతుంది, టామ్ అలాగే ఉండిపోతాడు. గడ్డకట్టిన నది మీద ఇద్దరూ స్కేటింగ్ చేస్తూ ఈలీ పట్టణం దాకా వెళ్తారు. అప్పటికే హ్యాటీ కళ్లకు టామ్ పలచబడిపోతున్నాడు, అవతలి వస్తువులు అతనిలోంచి కనబడేంతగా. తిరుగుదారిలో ఆమె ధ్యాసంతా బండి తోలుతున్న యువకుడి మీదే. చివరికి తేలేదేమిటంటే, ఆ తోట పై అంతస్తులో ఉండే ముసలి ఇంటావిడ కలల్లోది. ఆవిడే హ్యాటీ. టామ్ తన సాహసం అనుకున్నదంతా ఆమె జ్ఞాపకం. వేరొకరి కలలో దొరికిన చోటే అతనికి ఆ వేసవిలో దొరికిన సొంత చోటు.

షార్లెట్ పరిస్థితి ఇంకా ఘోరం. బోర్డింగ్ స్కూల్లో ఒక పాత మంచం మీద పడుకుని లేచేసరికి నలభై ఏళ్లకు పైగా వెనక్కి, మొదటి ప్రపంచ యుద్ధం నడుస్తున్న 1918లోకి పోతుంది. కిటికీ బయట నిన్న లేని దేవదారు చెట్టు. ఎమిలీ అనే చిన్న పిల్ల తనని 'క్లేర్' అని పిలుస్తోంది, అక్క అనుకుంటోంది. మర్నాడు మళ్లీ సొంత కాలం. ఇలా రోజు విడిచి రోజు క్లేర్, షార్లెట్ చోట్లు మారుతుంటారు, ఒక నోట్‌బుక్‌లో ఒకరికొకరు కబురు రాసిపెట్టుకుంటారు. షార్లెట్‌కి అసలు షాక్ ఎక్కడ తగులుతుందంటే, మనిషి మారినా చుట్టుపక్కల వాళ్లు దాదాపు పట్టించుకోరు. మంచంలో ఒక పిల్ల ఉంది, క్లాసులో ఒక పిల్ల కూర్చుంది, చాలు. కొన్నాళ్లకి ఆ మంచానికి దూరమై 1918లోనే చిక్కుకుపోతుంది. ఇక ఇంతేనేమో, నేను క్లేర్‌నే అయిపోతున్నానేమో అనే టెన్షన్ ఆ పుస్తకం నడుముని పట్టి ఉంచుతుంది. మన పేరు మన సొత్తనుకుంటాం. ఆ పేరుతో పిలిచేవాళ్లు లేకపోతే అదెన్నాళ్లు నిలుస్తుందో ఫార్మర్ ఓపిగ్గా చూపిస్తుంది.

అబిగైల్ పేరు సంగతి వేరు. నాన్న పెట్టుకున్న ముద్దుపేరు వినడమే ఇష్టంలేక, అసలు పేరు లినెట్‌నే వదిలేసి తనకు తానే ఈ పేరు పెట్టుకున్న పిల్ల. 1873 నాటి సిడ్నీలో పడ్డాక ఆ ఇంటి బామ్మ ఆమెలో ఏనాటి నుంచో ఎదురుచూస్తున్న 'అపరిచితురాలి'ని చూస్తుంది. అక్కడా ఇంకొకరు తగిలించిన పాత్రే.

జేన్ యోలెన్ 'ది డెవిల్స్ అరిత్మెటిక్' (1988) దగ్గర నేను కాస్త ఆగుతాను. యూదుల పాసోవర్ పండుగకు అయిష్టంగా వచ్చిన హన్నా 1942 నాటి పోలండ్‌లో 'హాయా' అనే పేరుతో నాజీ క్యాంపులో పడుతుంది. అక్కడ తల గొరిగేశాక తన భవిష్యత్తు జ్ఞాపకాలు కూడా పోతాయి. ఒళ్లు జలదరించే ఘట్టం. కానీ నవల మొత్తం ఒక మందుచీటీలా నడుస్తుంది: పెద్దల బాధ వినీ వినీ విసుగెత్తిన పిల్లని ఆ బాధలోకే తోస్తే దారికొస్తుందని. హన్నా తిరిగొచ్చి అత్తమ్మ చేతి మీద నాజీ క్యాంపులో పొడిచిన పచ్చబొట్టు నంబరుని కొత్త కళ్లతో చూస్తుంది. యోలెన్ ఉద్దేశాన్ని తప్పుపట్టను. అయితే లక్షలాది మంది చావు ఒక పిల్లకి బుద్ధి చెప్పడానికి వచ్చినట్టు కావడం నాకు మింగుడుపడదు.

ఈ మొత్తం కోవలో ఇంకో ఇబ్బంది ఉంది. పాత బంగళా, తోట, ఆప్యాయంగా చూసే గతం అందరికీ ఉండవు. ఆక్టేవియా బట్లర్ 1979లో పెద్దల కోసం రాసిన 'కిండ్రెడ్'లో నల్లజాతి యువతి డేనా అమెరికాలో బానిసత్వం నాటి మేరీల్యాండ్‌కి లాగబడి, చివరికి ఒక చెయ్యి పోగొట్టుకుని బయటపడుతుంది. అది చదివాక టామ్ తోటలోకి అంత నిశ్చింతగా అడుగుపెట్టలేం. హ్యాటీ కూడా ఆ ఇంట్లో బంధువుల దయ మీద బతికే పిల్లే అన్నది అప్పుడు ఇంకాస్త స్పష్టంగా కనబడుతుంది.

అందుకే నా లెక్కలో షార్లెట్ పుస్తకమే పైన. అందులో ఒక లోటు మాత్రం నన్ను ఇప్పటికీ సతాయిస్తుంది. షార్లెట్ సొంత కాలానికి చేరుకున్నాక తెలుస్తుంది, యుద్ధం ముగిసినా ఫ్లూ మహమ్మారిలో క్లేర్ చనిపోయిందని. షార్లెట్ 1918లో గడిపిన ఆ మొదటి రోజుల్లో క్లేర్ ఇటువైపు ఉంది కదా. యుద్ధం మధ్యలోంచి వచ్చి, ఆ యుద్ధం ముగిసి దశాబ్దాలు దాటిన స్కూల్లో, ఇంకో పిల్ల పేరుతో క్లాసుల్లో కూర్చుంది. ఏం చూసింది, ఎవరినేం అడిగింది, తిరిగెళ్లి చెల్లెలికి ఏం చెప్పింది? నోట్‌బుక్‌లోని ఆ కొద్దిపాటి రాతలు తప్ప మనకు ఆమె గొంతు వినబడదు. పేరు కోల్పోయిన పిల్ల గురించి అంత శ్రద్ధగా రాసిన నవల, ఆ పేరు గల పిల్లని మాత్రం నేపథ్యంలోనే ఉంచేసింది.