హాలీవుడ్ మేకప్ పెట్టె గారికి ఒక విన్నపం

మహారాజశ్రీ హాలీవుడ్ మేకప్ పెట్టె గారి సముఖమునకు,

నమస్కారాలు. మూకీల కాలం నుంచి టెక్నికలర్ దాకా తమరు చేసిన దానధర్మాలు అన్నీ ఇన్నీ కావు. వాటిలో నోబుల్ జాన్సన్ అనే నటుడికి చేసిన ఉపకారం గురించి మాత్రమే ఈ లేఖలో ప్రస్తావిస్తాను. 1881లో మిస్సోరీ రాష్ట్రంలో పుట్టి, కొలరాడోలో గుర్రాల మధ్య పెరిగి, ఆరడుగులు దాటిన విగ్రహంతో, కాస్త చామనఛాయతో తమ గుమ్మం ఎక్కిన ఈ ఆఫ్రికన్ అమెరికన్ యువకుడికి తమరు లేదనకుండా ప్రపంచంలోని జాతులన్నిటినీ ప్రసాదించారు. అతని సొంత జాతి దగ్గరకు వచ్చేసరికి మాత్రం ఎందుకో తమ చెయ్యి బిగుసుకుపోయింది.

మా తరఫున ముందుగా ఒక ధన్యవాదం. 1924లో డగ్లస్ ఫెయిర్‌బ్యాంక్స్ తీసిన బాగ్దాద్ దొంగ కథలో, రాకుమారిని పెళ్లాడవచ్చిన హిందూదేశపు యువరాజుగా తమరు నిలబెట్టింది ఇతన్నే. పక్కనే పోటీకి వచ్చిన పర్షియా యువరాజు మీసాలు అంటించుకున్న ఒక స్త్రీ, మథిల్డ్ కోమాంట్. కాబట్టి మా దేశానికి మగవాణ్ణే పంపినందుకు సంతోషించడం మా ధర్మం. 1922లో రాబిన్సన్ క్రూసోకు సేవకుడైన ఫ్రైడే, 1930లో తిమింగిలాల వేట కథలో క్వీక్వెగ్ అనే దీవివాసి, 1932లో 'మమ్మీ'లో నూబియా బానిస, 1949లో జాన్ ఫోర్డ్ సినిమాలో 'రెడ్ షర్ట్' అనే అమెరికన్ ఇండియన్: ఆ వరుసలో ఎక్కడ వెతికినా అతను పుట్టి పెరిగిన ఊరి మనిషి కనిపించడు.

తమ ప్రతిభ పరాకాష్ఠకు చేరింది ఆర్.కె.ఓ. స్టూడియోలోనని నా అభిప్రాయం. 1932లో విడుదలైన 'ది మోస్ట్ డేంజరస్ గేమ్'లో తమరు అతని ముఖానికి తెల్లని పూత పూసి, గుబురుగడ్డం తగిలించి, ఇవాన్ అనే కోసాక్కును, అంటే రష్యా గుర్రపు యోధుణ్ణి, చేశారు. పూత ఎంత పూసినా గొంతు ఎక్కడ పట్టిస్తుందోనన్న సందేహం ఎవరికీ రాకుండా, కథలో ఇవాన్ మూగవాడు కూడాను. మరుసటి ఏడాది 'కింగ్ కాంగ్' వచ్చింది. స్టూడియో అదే, అడవి సెట్టు అదే, కథానాయిక కూడా ఆవిడే, ఫే రే. ఈసారి గడ్డం ఊడింది, తల మీద ఈకల కిరీటం వెలిసింది, స్కల్ ఐలాండ్ తెగ నాయకుడై తెల్లపిల్లను చూసి, తన మనుషుల్లోంచి ఆరుగురు ఆడవాళ్లను ఇస్తానని బేరం పెట్టాడు. ఏడాది తిరక్కుండానే ఒకే మనిషి, అదే చెట్ల కింద, ఒకసారి తెల్లవాడి బంటుగా, ఇంకోసారి తెల్లపిల్లను బలిపెట్టే దొరగా తేలడం తమ పనితనమే గాని మరొకటి కాదు.

ఇంతలేసి రంగులు గల తమ పెట్టెలో నల్లరంగు డబ్బా లేదనుకుందామా అంటే, అది నిండుగానే ఉంది. 1915లో 'ది బర్త్ ఆఫ్ ఎ నేషన్'లో ముఖ్యమైన నల్లజాతి పాత్రలన్నిటికీ తెల్లనటులకే ఆ డబ్బా మూత తీశారు. 'అంకుల్ టామ్స్ క్యాబిన్' నవల ఆధారంగా 1927లో వచ్చిన 'టాప్సీ అండ్ ఈవా'లో జాన్సన్‌కు అంకుల్ టామ్ అనే నల్లబానిస వేషం దక్కినప్పుడు కూడా, అతని పక్కన టాప్సీ అనే నల్లపిల్లగా తుళ్లిపడింది ముఖం నిండా నలుపు పులుముకున్న శ్వేతజాతీయురాలు రోసెట్టా డంకన్. తెల్లవాళ్లకు నలుపు వినోదం, నల్లవాడికి తెలుపు ఉద్యోగం!

ఇక తమకు కాస్త నొప్పి కలిగించే విషయం. 1916లో జాన్సన్ తమ సహాయం లేకుండానే, ఒమాహాలో తపాలా ఉద్యోగం చేస్తున్న తమ్ముడు జార్జ్‌తోను, మరికొందరితోను కలిసి నల్లజాతి ప్రేక్షకుల కోసం సినిమాలు తీసే లింకన్ మోషన్ పిక్చర్ కంపెనీని నిలబెట్టాడు. వాళ్ల తొలి చిత్రంలో అతను టస్కీగీ అనే నల్లజాతి విద్యాసంస్థలో చదివిన సివిల్ ఇంజనీరు. కాలిఫోర్నియా చమురు క్షేత్రాల్లో రంగు చూసి ఉద్యోగం ఇవ్వనంటే, యజమాని కూతుర్ని ప్రమాదం నుంచి కాపాడి ఆ ఉద్యోగం సంపాదించి, చివరికి తండ్రి పొలంలోనే చమురు కనిపెడతాడు. కథ కొంచెం పంచదార పాకమే, ఒప్పుకుంటాను. కానీ ఈకలు, గొలుసులు, అతికించిన గడ్డాలు ఏవీ అక్కర్లేని వేషం అది. నల్లవాళ్ల థియేటర్లలో జనం ఆ బొమ్మలకు ఎగబడేసరికి, జాన్సన్ నటించిన యూనివర్సల్ స్టూడియో సినిమాలకే అవి పోటీ అవుతున్నాయని ఆ స్టూడియో వారికి కోపం వచ్చింది. అటో ఇటో తేల్చుకోమన్నారు. 1918లో అతను లింకన్ కంపెనీకి రాజీనామా ఇచ్చి తమ దగ్గరకే తిరిగొచ్చాడు. జీతం ఎవరిస్తే వేషం వారిదే కదా. అతన్ని తప్పుపట్టడానికి నాకు నోరు రాదు.

తమరు చేసిన ఇవాన్, తమరు చేసిన తెగ నాయకుడు ఈనాటికీ తెర మీద తిరుగుతూనే ఉన్నారు. ఆ ఇంజనీరు సినిమా ప్రతి మాత్రం ఒక్కటీ మిగలలేదు. కనుక నా విన్నపం చిన్నది. తమ అడుగు అరలో ఎక్కడైనా, పూత పూయని జాన్సన్ ముఖం ఉన్న ఫిల్మ్ ముక్క ఇరుక్కుపోయి ఉంటే దయచేసి వెతికించండి. తమ్ముడు జార్జ్ జీవితమంతా కూడబెట్టిన కాగితాలు, కత్తిరింపులు లాస్ ఏంజెలిస్‌లో యూసీఎల్ఏ విశ్వవిద్యాలయ గ్రంథాలయంలో భద్రంగా ఉన్నాయి. అక్కడికి పంపితే సరిపోతుంది. తపాలా ఖర్చు తమరు భరించుకోగలరు.

ఇట్లు,
తమ చేతి మీదుగా ఒక యువరాజును పొందిన దేశానికి చెందిన ప్రేక్షకుడు