కెమెరా వేరేవాళ్లది, కత్తెర ఫోర్గాచ్‌ది

డాక్యుమెంటరీ అనగానే కెమెరా భుజాన వేసుకుని ఊళ్లు తిరిగే మనిషి గుర్తొస్తాడు. 1950లో బుడాపెస్ట్‌లో పుట్టిన పీటర్ ఫోర్గాచ్‌కి పేరు తెచ్చిన సినిమాల్లో రీళ్లు మాత్రం వేరేవాళ్లు తీసినవి. వాళ్లు సినిమావాళ్లు కూడా కాదు, చేతిలో నాలుగు డబ్బులుండి, చిన్న కెమెరా కొనుక్కుని, పిల్లల్నీ పెళ్లిళ్లనీ తీసుకున్న ఇంటివాళ్లు. అలాంటి రీళ్లనూ ఫొటోలనూ పోగేయడానికి 1983లో బుడాపెస్ట్‌లో ఆర్కైవ్ పెట్టాడు, 1988లో వాటితో 'ప్రైవేట్ హంగరీ' సిరీస్ మొదలుపెట్టాడు. అందరూ ఆయన్ని దర్శకుడంటారు. పక్కన కూర్చుని పనిచేసిన ఎడిటర్లు వేరే ఉన్నా సరే, నా లెక్కలో ఆయన ముందు ఎడిటర్.

1997లో వచ్చిన 'ది మేల్‌స్ట్రోమ్' చూడండి. నెదర్లాండ్స్‌లోని పేరెబోమ్ అనే యూదు కుటుంబంలో మాక్స్ తీసిన రీళ్లవి, పెళ్లి, షికార్లు, పసిపాప. వాటి మధ్యలో ఇంకో ఇంటి రీళ్లు వస్తాయి, నాజీల తరఫున ఆ దేశాన్ని ఏలిన సైస్-ఇన్‌క్వార్ట్ కుటుంబానివి. అక్కడా అవే నవ్వులు, అలాంటి పిల్లలే. ఎవరూ ఎవర్నీ తిట్టరు, ఆ రెండూ పక్కపక్కన పడ్డాయంతే, చూస్తున్న మనకి కడుపులో దేవినట్టవుతుంది. చివర్లో, 1942లో, పేరెబోమ్ కుటుంబం బల్ల చుట్టూ కూర్చుని ప్రయాణానికి సర్దుకుంటుంది. చేరబోయేది నాజీల మరణ శిబిరం ఆష్విట్జ్‌కని మనకి తెలుసు, వాళ్లకి తెలీదు. ఆ టెన్షన్ రీల్లో లేదు, దాన్ని ఎక్కడ పెట్టారు, ఎంతసేపు ఉంచారు అన్నదాంట్లో ఉంది.

నాకో అభ్యంతరమూ ఉంది. ఆయన రీలు నడకను నెమ్మది చేస్తాడు, ఒక ముఖం దగ్గర ఫ్రేమ్ ఆపేస్తాడు, కింద తిబోర్ సెమ్జో సంగీతం. 1996 నాటి 'ఫ్రీ ఫాల్'లో పెతో అనే హంగరీ యూదు కుటుంబం సరదాగా గడిపే దృశ్యాల మీద యూదు వ్యతిరేక చట్టాల పాఠం వినిపిస్తుంటుంది. గొప్పగా ఉంటుంది, కాదనను, కానీ ఎక్కడ ఏడవాలో కూడా ఆయనే చెబుతున్నాడేమో అనిపిస్తుంది. ఆ ఇంటివాళ్లు సంతోషంగా ఉన్న రోజులు చావుకి ముందుమాటలా మాత్రమే మిగిలిపోతాయి.

'డాన్యూబ్ ఎక్సోడస్'లో ఆ పట్టు సడలింది. ఆంద్రాషోవిట్స్ అనే కెప్టెన్ 1939లో యూదు శరణార్థుల్ని డాన్యూబ్ నది కిందకీ, 1940లో సోవియట్ల చేతికి వెళ్లిన బెస్సరేబియా (ఇప్పటి మోల్డోవా వైపు ప్రాంతం) నుంచి ఇళ్లు వదిలిన జర్మన్లని ఎగువకీ ఓడలో తీసుకెళ్తూ ఇద్దర్నీ రీల్లోకి ఎక్కించాడు. ఎవరి బాధ ఎక్కువో ఫోర్గాచ్ తూకం వెయ్యడు. 2002లో లాస్ ఏంజలెస్‌లోని గెట్టీ కళాకేంద్రంలో దాన్నే ప్రదర్శనగా మార్చి, ఏ ముక్క తర్వాత ఏది చూడాలో వచ్చినవాళ్లనే ఎంచుకోమన్నారు.